రోడ్డు ప్రమాదంలో మనిషిని కోల్పోయిన కుటుంబం పరిహారం పొందడం ఎలా: శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల వారికి

ఇచ్ఛాపురం నుంచి పలాస, టెక్కలి, నరసన్నపేట, ఎచ్చెర్ల, రణస్థలం మీదుగా పూసపాటిరేగ, భోగాపురం దాటిపోయే 16వ నంబరు జాతీయ రహదారి, సాలూరు, గజపతినగరం మీదుగా వచ్చి నాతవలస వద్ద దానిలో కలిసే 26వ నంబరు రహదారి మన రెండు జిల్లాలలోనూ ఎన్నో ఇళ్లలో సంపాదించే మనిషిని తీసుకుపోయాయి. అలాంటి కుటుంబానికి చట్టప్రకారం రావలసిన పరిహారం ఎంత, ఎవరి నుంచి, ఏ దారిలో వస్తుందో వివరించడానికే ఈ వ్యాసం. పరిహారం ఎంత వస్తుందన్నది కోర్టులో వాదనలు మొదలయ్యేనాటికే చాలావరకు తేలిపోయి ఉంటుందని ముందే చెప్పాలి. మొదటి నెలలో పోలీసు స్టేషనులో, ఆసుపత్రిలో, సచివాలయంలో తయారయ్యే కాగితాలే దాన్ని నిర్ణయిస్తాయి. దుఃఖంలో ఉన్నవారు ఆ కాగితాలను చూసుకోలేరు కనుక, మేనమామో, బావగారో, చదువుకున్న పక్కింటి కుర్రాడో, ఎవరో ఒకరు ఆ పనిని నెత్తికెత్తుకోవాలి.

మొదటి రోజుల కాగితాలు

ప్రమాదం జరిగిన ప్రాంతం ఏ పోలీసు స్టేషను పరిధిలోకి వస్తుందో అక్కడే ఎఫ్‌ఐఆర్ నమోదవుతుంది. 2024 జులై 1 నుంచి నిర్లక్ష్యం వల్ల మరణానికి కారణమైన నేరం భారతీయ న్యాయ సంహిత 106(1) సెక్షన్ కిందికి వస్తుంది. పాత కేసుల్లో కనిపించే ఐపీసీ 304-ఎ స్థానంలో వచ్చినది ఇదే. ఎఫ్‌ఐఆర్ ప్రతిని ఫిర్యాదుదారుకు లేదా బాధితులకు ఉచితంగా ఇవ్వాలని చట్టం చెబుతోంది కనుక ఎవరికీ చేయి తడపనక్కర్లేదు. ఫిర్యాదు రాసిచ్చేటప్పుడు వాహనం నంబరు, అది వచ్చిన దిశ, వేగం, ఢీకొన్న తీరు, చూసినవారి పేర్లు స్పష్టంగా ఉండాలి. చూసినవాడు ఊరివాడే అయినా, కోర్టు చుట్టూ తిరగాల్సి వస్తుందని వెనక్కి తగ్గుతుంటాడు. అతని పేరు మొదటి రోజే కాగితం మీదికి ఎక్కకపోతే ఆ తరువాత ప్రవేశపెట్టిన సాక్షిని బీమా కంపెనీ న్యాయవాది సులువుగా కొట్టిపారేస్తాడు.

శవ పంచనామా సమయంలో కుటుంబం తరఫున కాస్త నిబ్బరం గల మనిషి దగ్గర ఉండడం చాలా అవసరం. అందులో మృతుని వయసు, వృత్తి రాసే చోట్లు ఉంటాయి. మార్చురీ ముందు ఏడుస్తున్న బంధువును వయసెంత అని అడిగితే అతను నోటికొచ్చినంత చెబుతాడు, రాసేవారు 'సుమారు 45' అని రాసేస్తారు, పోస్టుమార్టం నివేదికలోకీ అదే ఎక్కుతుంది. అసలు వయసు 38 అయితే, ఆ ఒక్క అంకె వల్ల ఎన్ని లక్షలు పోతాయో కింద లెక్కలో చూపిస్తాను. ఆధార్ కార్డు, పదో తరగతి ధ్రువపత్రం ఉంటే వెంట పట్టుకువెళ్లి చూపించాలి. వృత్తి దగ్గర కూడా 'కూలీ' అని ఊరుకోకుండా, తాపీమేస్త్రీ అయితే తాపీమేస్త్రీ అని, జీడిపప్పు పరిశ్రమలో పనిచేస్తే ఆ పని అని, వేటకు వెళ్లే మత్స్యకారుడైతే ఆ మాట రాయించాలి.

మన జిల్లాల్లో తరచూ ఎదురయ్యే చిక్కు మరొకటి ఉంది. గాయపడిన మనిషిని శ్రీకాకుళం రిమ్స్‌లోనో విజయనగరం ప్రభుత్వ ఆసుపత్రిలోనో చేర్చాక విశాఖ కేజీహెచ్‌కు పంపుతారు, అక్కడ కొన్ని రోజులకు అతను మరణిస్తాడు. అప్పటికి స్థానిక స్టేషనులో గాయాల కేసు మాత్రమే నమోదై ఉంటుంది. మరణ సమాచారం కేజీహెచ్ నుంచి ఆ స్టేషనుకు చేరి, సెక్షన్‌ను మరణ నేరంగా మార్చినట్లు పోలీసులు కోర్టుకు మెమో దాఖలు చేయాలి. ఆ మెమో ప్రతి మీ చేతిలో లేకపోతే, మరణానికి ప్రమాదమే కారణమా అన్న ప్రశ్న, పరిహారం కేసులు విచారించే ట్రిబ్యునల్‌లో లేచి కూర్చుంటుంది. రెండు ఆసుపత్రుల కేస్‌షీట్లు, రిఫరల్ చీటీ, మందుల బిల్లులు దాచుకోండి. మరణం ఎక్కడ జరిగితే అక్కడే నమోదవుతుంది కనుక కేజీహెచ్‌లో పోయినవారి మరణ ధ్రువపత్రం విశాఖ నుంచే తెచ్చుకోవాలి. అందులో పేరు ఆధార్‌లో ఉన్నట్టే ఉందో లేదో అక్కడే చూసుకోవాలి. ఊళ్లో అందరూ పిలిచే పేరు ఒకటి, కార్డులో పేరు ఇంకొకటి కావడం మన వైపు మామూలే గాని, బ్యాంకు దగ్గరకు వచ్చేసరికి అదే పెద్ద అడ్డంకి అవుతుంది.

ఇవి కాక తెచ్చుకోవలసినవి ఘటనాస్థలి పంచనామా, రఫ్ స్కెచ్, మోటారు వాహనాల ఇన్‌స్పెక్టరు తనిఖీ నివేదిక, తరువాత వేసే ఛార్జిషీటు, వాహనం రిజిస్ట్రేషను, బీమా పాలసీ, డ్రైవరు లైసెన్సు నకళ్లు. కుటుంబ సభ్యుల ధ్రువపత్రానికి గ్రామ లేదా వార్డు సచివాలయంలో దరఖాస్తు చేస్తే తహసీల్దారు కార్యాలయం నుంచి వస్తుంది.

2022 ఏప్రిల్ 1 నుంచి అమలులో ఉన్న నిబంధనల ప్రకారం పోలీసులు ప్రమాదం జరిగిన 48 గంటలలోగా తొలి నివేదికను, 90 రోజులలోగా సవివర నివేదికను క్లెయిమ్స్ ట్రిబ్యునల్‌కు, బీమా కంపెనీకి పంపాలి. ఆ నివేదికనే ట్రిబ్యునల్ పరిహార దరఖాస్తుగా స్వీకరించవచ్చు. ఆచరణలో గడువులు జారిపోతుంటాయి. పైగా మృతుని ఆదాయం, ఆధారపడినవారి పరిస్థితి పోలీసు నివేదికలో పూర్తిగా ఉండవు. అందుచేత దాని మీదే భారం వేయకుండా కుటుంబం సొంతంగా దరఖాస్తు వేసుకోవడమే మంచిదని నా అభిప్రాయం.

పెద్దమనుషుల రాజీ

పెద్దకర్మ కూడా కాకముందే లారీ యజమాని తరఫు మనుషులు ఊరి పెద్దలను వెంటబెట్టుకుని వచ్చి, ఖర్చులకని కొంత సొమ్ము చేతిలో పెట్టి, స్టాంపు కాగితం మీద సంతకమో వేలిముద్రో అడుగుతారు. 'ఇకపై మాకు ఏ విధమైన క్లెయిమూ లేదు' అన్న వాక్యం అందులో ఎక్కడో ఉంటుంది. నిర్లక్ష్యపు మరణం కేసు రాజీకి వీలున్న నేరం కాదు. ఊళ్లో రాసుకున్న కాగితంతో క్రిమినల్ కేసు పోదు. పరిహారం చెల్లించవలసింది సాధారణంగా బీమా కంపెనీయే కనుక యజమానికి దయ చూపడం కోసం మీ హక్కు వదులుకోవలసిన పనీ లేదు. అతను మానవత్వంతో అంత్యక్రియలకు సాయం చేస్తే తీసుకోవచ్చు, కాని సంతకం మాత్రం పెట్టకండి. ముఖ్యంగా ఖాళీ తెల్లకాగితం మీద ఎవరికీ, సొంత బంధువులకైనా సరే, పెట్టవద్దు.

ఢీకొట్టిన వాహనం తెలియకపోతే

తెల్లవారుజామున జాతీయ రహదారి దాటుతున్న మనిషిని 'గుర్తు తెలియని వాహనం' ఢీకొట్టి వెళ్లిపోయిందని ఎఫ్‌ఐఆర్‌లో రాస్తే, మొదట ఆ వాహనాన్ని తెలుసుకునే ప్రయత్నం గట్టిగా జరగాలి. మడపాం, నాతవలస వంటి టోల్‌గేట్ల వద్ద కెమెరాలు ఉంటాయి, దారి పొడవునా పెట్రోలు బంకులు, దాబాలు, దుకాణాల ముందూ ఉంటాయి. ఆ దృశ్యాలు ఎక్కువ కాలం నిలవ ఉండవు కాబట్టి, ఫలానా సమయానికి ఫలానా చోటి దృశ్యాలు సేకరించవలసిందిగా దర్యాప్తు అధికారికి ఒకటి రెండు రోజులలోనే లిఖితపూర్వకంగా విన్నవించి, అందినట్లు సంతకం తీసుకోండి. వాహనం దొరికితే పరిహారం పాతిక లక్షలు దాటవచ్చు, దొరకకపోతే 2 లక్షలతో ఆగిపోతుంది. అంత తేడా ఉంది కనుకే దీని గురించి ఇంతగా చెప్పవలసి వస్తోంది.

దొరకనప్పుడు మోటారు వాహనాల చట్టం 161వ సెక్షన్ కింద 2022లో వచ్చిన పథకం వర్తిస్తుంది. మరణానికి 2 లక్షలు, తీవ్రగాయానికి 50 వేలు ఇస్తారు. అంతకుముందు మరణానికి ఇచ్చినది 25 వేలే. నిర్ణీత ఫారంలో దరఖాస్తు క్లెయిమ్స్ విచారణాధికారికి, అంటే ఆ ప్రాంతపు రెవెన్యూ అధికారికి ఇవ్వాలి. శ్రీకాకుళం జిల్లాలో శ్రీకాకుళం, టెక్కలి, పలాస, విజయనగరం జిల్లాలో విజయనగరం, బొబ్బిలి, చీపురుపల్లి రెవెన్యూ డివిజన్లు ఉన్నాయి. ప్రమాదం ఏ డివిజన్‌లో జరిగిందో ఆ ఆర్డీవో కార్యాలయంలో కనుక్కోండి. విచారణాధికారి నెలలోగా నివేదిక పంపాలి, కలెక్టరు మంజూరు చేయాలి. నెల రోజులలో వాహనం ఆచూకీ తెలియకపోతే ఈ పథకం ఉందని పోలీసులే కుటుంబానికి రాతపూర్వకంగా తెలియజేయాలని 2024 జనవరిలో సుప్రీంకోర్టు ఆదేశించింది. తరువాత ఎప్పుడైనా వాహనం దొరికి పూర్తి పరిహారం వస్తే, ఈ 2 లక్షలను అందులోంచి తిరిగి చెల్లించాలి.

ట్రిబ్యునల్‌లో దరఖాస్తు

వాహనం తెలిసినప్పుడు ప్రధానమైన దారి మోటారు వాహనాల చట్టం 166వ సెక్షన్. దీని కింద వేసే దరఖాస్తునే మన కోర్టుల్లో ఎం.వి.ఓ.పి. (మోటార్ వెహికల్ ఒరిజినల్ పిటిషన్) అంటారు. ఇందులో ఎదుటి డ్రైవరు నిర్లక్ష్యం చూపించాలి. క్రిమినల్ కేసులో కావలసినంత కఠినమైన రుజువు ఇక్కడ అవసరం లేదు, డ్రైవరును నిర్దోషిగా విడిచిపెట్టినా పరిహారం రావచ్చు. రెండో దారి 164వ సెక్షన్: తప్పు ఎవరిదన్న చర్చ లేకుండా మరణానికి 5 లక్షలు. మృతునిదే తప్పని ఎఫ్‌ఐఆర్‌లో రాసిన సందర్భాల్లో, సాక్ష్యం బొత్తిగా లేని సందర్భాల్లో దీన్ని ఆలోచించవచ్చు గాని, సంపాదించే వయసు మనిషి పోయినప్పుడు త్వరగా వస్తుందన్న ఆశతో దీనికి ఒప్పుకుంటే కుటుంబం నష్టపోతుంది.

దరఖాస్తు ఎక్కడ వేయాలన్న ప్రశ్నకు జవాబు మన వలస కుటుంబాలు తప్పక తెలుసుకోవాలి. ప్రమాదం జరిగిన చోటే వేయాలన్న నియమం లేదు. దరఖాస్తుదారులు నివసించే చోట వేసుకోవచ్చు. పలాస నుంచి హైదరాబాదుకు భవన నిర్మాణ పనికి వెళ్లిన మనిషి అక్కడ లారీ కింద పడి చనిపోయినా, గార మండలం నుంచి గుజరాత్ తీరానికి వేటకు వెళ్లిన మత్స్యకారుడు అక్కడి రోడ్డు మీద మరణించినా, భార్యాబిడ్డలు ఇక్కడే శ్రీకాకుళం జిల్లాలోని ట్రిబ్యునల్‌లో కేసు నడుపుకోవచ్చు. అక్కడి పోలీసు కాగితాలు మాత్రం శవాన్ని తెచ్చుకునేటప్పుడే వీలైనన్ని తెచ్చుకోవాలి. పరాయి భాషలో ఉంటే అనువాదం చేయించి జతచేస్తారు.

గడువు విషయంలో జాగ్రత్త అవసరం. 2022 ఏప్రిల్ 1 నుంచి ప్రమాదం జరిగిన ఆరు నెలలలోగా దరఖాస్తు వేయాలన్న నిబంధన అమలులోకి వచ్చింది. దాన్ని సవాలు చేసిన పిటిషన్ల మీద 2025 నవంబరులో సుప్రీంకోర్టు, విచారణ తేలేవరకు ఆలస్యం అన్న కారణంతో దరఖాస్తులను కొట్టివేయవద్దని మధ్యంతర ఉత్తర్వు ఇచ్చింది. ఆరు నెలలు దాటినవారు ఆశ వదులుకోనక్కర్లేదు, దాటనివారు మాత్రం ఆ ఉత్తర్వును నమ్ముకుని కూర్చోవద్దు.

భార్య, పిల్లలు, తల్లిదండ్రులు అందరూ ఒకే దరఖాస్తులో చేరడం ఉత్తమం. కోడలికీ అత్తమామలకూ పడక వేర్వేరు న్యాయవాదుల దగ్గరకు పరుగెత్తితే ఇద్దరికీ ఆలస్యమే మిగులుతుంది. ఎవరికెంత అన్నది ఎటూ ట్రిబ్యునలే పంచుతుంది. ఎదుటి పక్షంగా డ్రైవరును, యజమానిని, బీమా కంపెనీని చేర్చాలి. బండి అమ్మేసినా పేరు మార్చకపోతే రిజిస్ట్రేషనులో ఉన్న యజమానే బాధ్యుడు.

లెక్క ఎలా కడతారు

సుప్రీంకోర్టు 2009 నాటి సరళా వర్మ కేసులో, 2017 నాటి ప్రణయ్ సేథీ కేసులో ఇచ్చిన తీర్పుల ప్రకారం దేశమంతటా ఒకే పద్ధతిలో లెక్క కడతారు. 38 ఏళ్ల తాపీమేస్త్రీ నెలకు 12 వేలు సంపాదిస్తున్నాడని, ఇంట్లో భార్య, ఇద్దరు పిల్లలు, తల్లి ఉన్నారని అనుకుందాం. ఏడాది ఆదాయం 1,44,000. సొంత పని చేసుకునేవారికి 40 ఏళ్లలోపు అయితే భవిష్యత్తు పెరుగుదల కింద 40 శాతం కలుపుతారు, 40 నుంచి 50 ఏళ్ల మధ్య 25 శాతం, 50 నుంచి 60 మధ్య 10 శాతం. పర్మనెంటు ఉద్యోగికి ఈ శాతాలు వరుసగా 50, 30, 15. మన మేస్త్రీకి 40 శాతం కలిపితే 2,01,600. అతని సొంత ఖర్చు కింద, ఆధారపడినవారు నలుగురు నుంచి ఆరుగురైతే నాలుగో వంతు తీసేస్తారు (ఇద్దరు ముగ్గురైతే మూడో వంతు, పెళ్లికానివారైతే సగం). మిగిలినది 1,51,200. దీన్ని వయసును బట్టి ఉండే గుణకంతో హెచ్చిస్తారు. 36 నుంచి 40 ఏళ్లకు గుణకం 15, కనుక 22,68,000 అవుతుంది.

పంచనామాలో 'సుమారు 45' అని పడి, దాన్ని సరిదిద్దే ఆధారం లేకపోతే పెరుగుదల 25 శాతానికి, గుణకం 14కు తగ్గి, మొత్తం 18,90,000 వద్ద ఆగుతుంది. ఒక్క అంకెకు 3,78,000 పోయినట్టు.

దీనికి తోడు భార్యకు, పిల్లలకు, తల్లికి ఒక్కొక్కరికి తోడు కోల్పోయినందుకు కొంత, మృతుని ఎస్టేటుకు కలిగిన నష్టం (లాస్ ఆఫ్ ఎస్టేట్) కింద కొంత, అంత్యక్రియలకు కొంత ఇస్తారు. 2017లో ఇవి 40 వేలు, 15 వేలు, 15 వేలు. మూడేళ్లకోసారి 10 శాతం పెంచాలి గనుక 2023 చివరి నుంచి 48,400, 18,150, 18,150 అయ్యాయి. మన ఉదాహరణలో నలుగురికి 1,93,600, మిగిలిన రెండింటికీ కలిపి 36,300. మొత్తం 24,97,900. దరఖాస్తు వేసిన తేదీ నుంచి దీని మీద వడ్డీ వస్తుంది. మృతునికి ఎల్‌ఐసీ సొమ్ము వచ్చిందని ఇందులో తగ్గించరు.

మృతుని తప్పు కూడా ఉందని తేలితే ఆ వంతు మేరకు కోత పడుతుంది. నాలుగు వరుసల రోడ్డు మీద చుట్టూ తిరగడం ఎందుకని ఎదురుదారిలో వెళ్లడం, బండి మీద ముగ్గురు ఎక్కడం బీమా కంపెనీలు ముందుగా పట్టుకునే విషయాలు. రఫ్ స్కెచ్‌లో బండి ఏ వైపు పడి ఉన్నట్టు గీశారో అందుకే చూసుకోవాలి.

ఆదాయం చూపడమే బీదవారికి అసలైన కష్టం. జీతం చీటీ లేకపోయినా బ్యాంకు పాస్‌బుక్కులో పడిన సొమ్ము, పని ఇచ్చిన మేస్త్రీ లేదా కాంట్రాక్టరు సాక్ష్యం, డ్రైవింగ్ లైసెన్సు, పడవ కాగితాలు, పొలం ఒన్ బీ (భూమి హక్కు రికార్డు), డ్వాక్రా అప్పు వాయిదాలు కట్టిన పుస్తకం కూడా ఉపయోగపడతాయి. ఏదీ లేకపోతే ట్రిబ్యునల్ ఒక ఊహాదాయం వేస్తుంది, అది సాధారణంగా తక్కువే ఉంటుంది. ఇంటిపని చేసే గృహిణి మరణించినా ఆమె శ్రమకు ఆదాయం లెక్కకట్టాలని సుప్రీంకోర్టు స్పష్టంగా చెప్పింది. 'ఆవిడ ఏం సంపాదిస్తుందని' అనుకుని మానుకున్న కుటుంబాలు హక్కునే వదులుకున్నట్టు.

బీమా వర్తించని చోట్లు

పెళ్లికో, గుడికో, కోతలకో ట్రాక్టరు ట్రక్కులో, సరుకు వ్యానులో జనాన్ని ఎక్కించుకుపోవడం మన పల్లెల్లో కొత్త కాదు. సరుకు వాహనంలో ఊరికే ప్రయాణిస్తున్నవారికి బీమా కంపెనీ బాధ్యత ఉండదు; యజమాని మీద డిక్రీ వచ్చినా అతని దగ్గర వసూలు కావడం కష్టం. థర్డ్ పార్టీ పాలసీ మాత్రమే ఉన్న మోటారుసైకిలు వెనుక కూర్చున్న మనిషి, ఆ బండి నడిపినవాని తప్పుతోనే పోతే అక్కడా ఇదే ఇబ్బంది. ఎదుటి వాహనం తప్పు కూడా ఉంటే ఆ వాహనపు బీమా మీద క్లెయిమ్ చేయాలి.

సొంత బండి మీద వెళ్తూ గేదె అడ్డం వచ్చి పడిపోయినవారికి 166 కింద ఏమీ రాదు. అయితే యజమానిగా, లైసెన్సు ఉండి నడుపుతుంటే, పాలసీలోని 15 లక్షల వ్యక్తిగత ప్రమాద బీమా నామినీకి వస్తుంది. చాలా ఇళ్లలో ఈ సంగతి తెలియక పాలసీ కాగితం బీరువాలోనే ఉండిపోతుంది. పాలసీలో ఆ రుసుము కట్టారో లేదో చూడండి. లారీ డ్రైవరు, క్లీనరు పనిలో ఉండగా చనిపోతే కార్మిక శాఖ అధికారి ముందు ఉద్యోగుల పరిహార చట్టం కింద కూడా కోరవచ్చు. ట్రిబ్యునల్, కార్మిక శాఖ రెండిటిలో ఒకదాన్నే ఎంచుకోవాలి. వీటన్నిటికీ సంబంధం లేకుండా, బ్యాంకు ఖాతా నుంచి ఏడాదికి 20 రూపాయలు కోసుకునే ప్రధానమంత్రి సురక్షా బీమా ఉంటే 2 లక్షలు వస్తాయి. పాస్‌బుక్కులో ఆ పద్దు ఉందేమో వెంటనే చూసి, నెల రోజులలోగా బ్యాంకులో దరఖాస్తు ఇవ్వండి.

న్యాయవాది, లోక్ అదాలత్, సొమ్ము చేతికి రావడం

వచ్చినదాంట్లో ఇంత శాతం అని మాట్లాడుకోవడం మన వైపు మామూలైపోయింది. గెలుపు సొమ్ములో వాటా తీసుకునే ఒప్పందం చేసుకోకూడదని బార్ కౌన్సిల్ నిబంధనలే నిషేధిస్తున్నాయి. ఫీజు ముందుగా మాట్లాడుకుని కాగితం మీద రాసుకోండి. మహిళలు, పిల్లలు, ఎస్సీ, ఎస్టీ వర్గాల వారు ఆదాయంతో నిమిత్తం లేకుండా జిల్లా న్యాయసేవాధికార సంస్థ ద్వారా ఉచితంగా న్యాయవాదిని పొందవచ్చు. శ్రీకాకుళంలోనూ విజయనగరంలోనూ ఆ సంస్థలు ఉన్నాయి, 15100 నంబరుకు ఫోను చేసినా దారి చెబుతారు. భర్త పోయిన స్త్రీకి ఆమె చిన్న ఉద్యోగం చేస్తున్నా ఈ హక్కు ఉంటుంది.

లోక్ అదాలత్‌లో రాజీ కుదిరితే సొమ్ము త్వరగా వస్తుంది, దాని మీద అప్పీలు ఉండదు. బీమా కంపెనీ చెప్పిన అంకెను పైన చూపిన లెక్కతో పోల్చి చూసుకుని, మరీ తక్కువైతే నిరభ్యంతరంగా కాదనండి. సంవత్సరాల తరబడి ఆగవలసిన అవస్థ, అప్పీలు భయం తప్పుతుంది కనుక కొంత తగ్గడంలో తప్పు లేదు, కాని సగానికి తెగ్గొయ్యడానికి ఒప్పుకోవడం అన్యాయం.

తీర్పు వచ్చాక ఎదుటివారు 30 రోజులలోగా సొమ్ము డిపాజిట్ చేయాలి. మైనరు పిల్లల వాటా వారికి 18 ఏళ్లు నిండేవరకు బ్యాంకులో ఫిక్స్‌డ్ డిపాజిట్‌గా ఉంటుంది. భార్య వాటాలోనూ కొంత భాగాన్ని అలాగే ఉంచి మిగిలినది విడుదల చేయడం పరిపాటి. చదువుకో, వైద్యానికో ముందే అవసరమైతే కారణం చూపి ట్రిబ్యునల్‌లో దరఖాస్తు వేసుకోవచ్చు. ఆధార్‌లో ఉన్న పేరుతోనే ప్రతి ఒక్కరికీ విడిగా ఖాతా తెరిచి ఉంచుకోండి, ఉమ్మడి ఖాతా ఇవ్వవద్దు, పాస్‌బుక్కు, చెక్కుబుక్కు ఎవరి చేతిలోనూ పెట్టవద్దు. పరిహారం తక్కువ వచ్చిందనిపిస్తే 90 రోజులలోగా హైకోర్టుకు అప్పీలు చేసుకోవచ్చు. ఎదుటివారు సొమ్ము కట్టకుండా తప్పించుకుంటే ట్రిబ్యునల్ నుంచి సర్టిఫికెట్ తీసుకుని కలెక్టరుకు పంపించవచ్చు. అప్పుడు ఆ బకాయిని భూమి శిస్తు బకాయి వసూలు చేసినట్టే వసూలు చేస్తారు.